పాత తీర్పు మీ కేసుకు పనికొస్తుందో లేదో తేల్చుకోవడం ఎలా?

వాదన వింటున్న జడ్జిగారు ఉన్నట్టుండి తలెత్తి "ఆ కేసులో వాస్తవాలేమిటండీ?" అని అడుగుతారు. అప్పటిదాకా గడగడా సైటేషన్లు చదివిన న్యాయవాది కాగితాలు తిరగేస్తూ నిలబడిపోతారు. మన జిల్లా కోర్టుల్లో ఇది తరచుగా కనిపించే దృశ్యం. తీర్పు పేరు, సంవత్సరం, పేజీ నంబరు అన్నీ ఉన్నా, ఆ తీర్పు ఎవరి తగాదాలో, ఏ పరిస్థితుల్లో, ఏ ప్రశ్నకు జవాబుగా వచ్చిందో తెలియకపోతే అది కోర్టుకు ఉపయోగపడదు. కొత్తగా ప్రాక్టీసు మొదలుపెట్టినవారినీ, తమ కేసులో ఏం జరుగుతోందో అర్థం చేసుకోవాలనుకునే కక్షిదారులనూ దృష్టిలో పెట్టుకుని, పూర్వ తీర్పును ఎలా వెతకాలో, ఎలా చదవాలో, కోర్టు ముందు ఎలా ఉంచాలో వరుసగా చెబుతాను. ఒకే రకమైన తగాదాలో నిడదవోలు మనిషికి ఒక లెక్క, నిర్మల్ మనిషికి మరో లెక్క ఉండకూడదన్నదే ఈ పద్ధతికి మూలం కాబట్టి, దీన్ని వాదనలో గెలుపు కోసం వాడే పనిముట్టుగా మాత్రమే చూడవద్దని ముందుగానే మనవి చేస్తున్నాను.

ముందు మీ ప్రశ్నను ఒక్క వాక్యంలో రాయండి

తీర్పుల కోసం వెతకబోయే ముందు ఒక తెల్లకాగితం తీసుకుని, మీ కేసులో కోర్టు తేల్చవలసిన ప్రశ్నను వాస్తవాలతో సహా ఒక్క వాక్యంలో రాయండి. "ప్రమాదంలో చనిపోతే పరిహారం వస్తుందా?" అని రాస్తే వేల తీర్పులు దొరుకుతాయి, ఒక్కటీ అక్కరకు రాదు. "సరుకు రవాణా వాహనంలో తన టమాటా బుట్టలతో పాటు మార్కెట్‌కు వెళుతున్న రైతు, ఆ వాహనం బోల్తా పడి మరణిస్తే, బీమా కంపెనీ పరిహారం చెల్లించవలసి ఉంటుందా?" అని రాయండి. అందులోని ప్రతి మాటా ఏరుకుని పెట్టుకున్నదే. వాహనం సరుకు రవాణాది. మనిషి ఊరికే ఎక్కినవాడు కాదు, సరుకు యజమాని. అడుగుతున్నది వాహన యజమాని బాధ్యత గురించి కాదు, బీమా కంపెనీ బాధ్యత గురించి. ఈ మూడింటిలో ఏది మారినా జవాబు మారిపోవచ్చు. అది ఎలా మారుతుందో కొంచెం తరువాత చూద్దాం.

తీర్పు కంటే ముందు చట్టాన్ని చూడండి

చట్టంలోని సెక్షన్‌ను తాజా సవరణలతో సహా చదవకుండా తీర్పుల జోలికి వెళ్లవద్దు. చెక్కు బౌన్సు కేసులు దీనికి చక్కని ఉదాహరణ. గుంటూరు మిర్చి వ్యాపారికి నాగపూర్ కొనుగోలుదారు తన ఊరి బ్యాంకు చెక్కు ఇచ్చాడనుకోండి. చెక్కు తిరిగి వస్తే కేసు ఎక్కడ వేయాలి? 1999లో కె. భాస్కరన్ కేసులో ఇద్దరు న్యాయమూర్తుల సుప్రీంకోర్టు ధర్మాసనం చెప్పిన ప్రకారం, నేరంలో భాగమైన పనుల్లో ఏ ఒక్కటి జరిగిన చోటైనా కేసు వేయవచ్చు కాబట్టి గుంటూరులో వేసుకోవచ్చు. 2014లో దశరథ్ రూప్‌సింగ్ రాథోడ్ కేసులో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ మాటను తిరస్కరించి, చెక్కు ఏ బ్యాంకుపై రాశారో ఆ బ్యాంకు ఉన్న చోటే వేయాలని చెప్పింది. అంటే మన వ్యాపారి నాగపూర్ వెళ్లాలి. 2015లో పార్లమెంటు నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టంలోని 142వ సెక్షన్‌ను సవరించి, చెక్కును తన ఖాతాలో వసూలుకు వేసినవారికి ఆ ఖాతా ఉన్న బ్రాంచి పరిధిలోని కోర్టుకే అధికారం ఇచ్చింది. వ్యాపారి తిరిగి గుంటూరుకు వచ్చాడు. 2014 తీర్పును పై ధర్మాసనమేదీ కొట్టివేయలేదు, తీర్పుల పుస్తకంలో అది అలాగే ఉంది. అయినా ఈ అంశంలో దాని కాళ్ల కింది నేల మారిపోయింది. సవరణ సంగతి తెలియక ఆ తీర్పునే ఇంకా పట్టుకుని వచ్చేవారి వల్ల ఎందరో కక్షిదారుల కాలం వృథా అవుతోంది.

ఎవరి మాట ఎవరికి శిరోధార్యమో తెలుసుకోండి

రాజ్యాంగంలోని 141వ అధికరణం ప్రకారం సుప్రీంకోర్టు ప్రకటించిన న్యాయసూత్రం దేశంలోని అన్ని కోర్టులకూ శిరోధార్యం. హైకోర్టు మాట ఆ రాష్ట్రంలోని కింది కోర్టులకు, ట్రైబ్యునళ్లకు శిరోధార్యమని సుప్రీంకోర్టు 1962లో ఈస్ట్ ఇండియా కమర్షియల్ కంపెనీ కేసులో స్పష్టం చేసింది. ఇతర రాష్ట్రాల హైకోర్టుల తీర్పులను కోర్టు గౌరవంతో పరిశీలిస్తుంది, నచ్చితే అనుసరిస్తుంది. అనుసరించి తీరాలన్న నియమం లేదు.

ఒకే కోర్టులో ధర్మాసనాల మధ్య కూడా పెద్దాచిన్నా ఉంటుంది. హైకోర్టు సింగిల్ జడ్జి మాట కంటే ఇద్దరు జడ్జీల డివిజన్ బెంచ్ మాట, దానికంటే ముగ్గురు లేదా అంతకంటే ఎక్కువమంది జడ్జీల ఫుల్ బెంచ్ మాట ఎక్కువ. సుప్రీంకోర్టులోనూ ఇద్దరి ధర్మాసనం ముగ్గురి ధర్మాసనాన్ని కాదనలేదు. రాజ్యాంగ వ్యాఖ్యానానికి సంబంధించిన ముఖ్యమైన ప్రశ్నను తేల్చాలంటే కనీసం ఐదుగురు కూర్చోవాలని 145వ అధికరణం చెబుతుంది. సమాన సంఖ్యలో ఉన్న ధర్మాసనం పాత మాటతో విభేదిస్తే, దానికి విరుద్ధంగా తీర్పు చెప్పకుండా, విషయాన్ని విస్తృత ధర్మాసనానికి నివేదించాలి. అందుకే తీర్పు మొదటి పేజీలో ఉండే న్యాయమూర్తుల పేర్లను తప్పకుండా లెక్కపెట్టండి. చాలామంది దాటేసే పేజీ అదే.

తెలుగు రాష్ట్రాల వారికి ఇక్కడ మరో చిక్కు ఉంది. 1954 జూలై 5న గుంటూరులో ఆంధ్ర హైకోర్టు ఏర్పడినప్పుడు, అంతకుముందు మద్రాసు హైకోర్టు ఇచ్చిన తీర్పులకు కొత్త కోర్టు కట్టుబడి ఉండాలా అన్న ప్రశ్న వచ్చింది. కోకా సుబ్బారావు ప్రధాన న్యాయమూర్తిగా ఉన్న ఆ హైకోర్టు ఫుల్ బెంచ్, 1955లో ప్రచురితమైన సుబ్బరాయుడు కేసులో, ఆ తేదీకి ముందటి మద్రాసు తీర్పులు తమకు శిరోధార్యమేనని తేల్చింది. 2019 జనవరి 1 నుంచి అమరావతిలో, హైదరాబాదులో వేర్వేరు హైకోర్టులు పనిచేస్తున్నాయి. ఆ తేదీ తరువాత ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఇచ్చిన తీర్పు వరంగల్ కోర్టుకు పరాయి రాష్ట్రపు తీర్పుతో సమానం, తెలంగాణ హైకోర్టు తీర్పు కర్నూలు కోర్టుకు అంతే. ఉమ్మడి హైకోర్టు కాలం నాటి తీర్పును చూపేటప్పుడు, అదే అంశంపై మీ రాష్ట్ర హైకోర్టు 2019 తరువాత ఏమైనా చెప్పిందేమో కూడా చూసుకుని వెళ్లండి.

పూర్తి పాఠాన్ని అసలు చోటు నుంచి తీసుకోండి

సుప్రీంకోర్టు తీర్పులు 2023 నుంచి ఈ-ఎస్‌సీఆర్ పోర్టల్‌లో ఉచితంగా దొరుకుతున్నాయి. అదే సంవత్సరం నుంచి ప్రతి తీర్పుకూ ప్రచురణకర్తతో సంబంధం లేని తటస్థ సైటేషన్ నంబరు కూడా ఇస్తున్నారు. మన హైకోర్టు తీర్పుల కోసం ఏఎల్‌టీ (ఆంధ్ర లా టైమ్స్), ఏఎల్‌డీ (ఆంధ్ర లీగల్ డెసిషన్స్) సంపుటాలు ఏ బార్ అసోసియేషన్ లైబ్రరీలోనైనా ఉంటాయి. తెలుగులోకి అనువదించిన తీర్పులు కూడా ఇప్పుడు అందుబాటులోకి వచ్చాయి. 2023 జూన్‌లో తెలంగాణ హైకోర్టు డివిజన్ బెంచ్ ఒక ఆస్తి వివాదంలో తెలుగులోనే తీర్పు వెలువరించడం నాకు ఎంతో సంతోషం కలిగించింది. అయితే 348వ అధికరణం ప్రకారం సుప్రీంకోర్టు తీర్పుల అధికారిక పాఠం ఇంగ్లిషుదే కాబట్టి, అనువాదాన్ని అర్థం చేసుకోవడానికి వాడుకుని, కోర్టుకు మూలాన్ని చూపండి.

తీర్పు మొదట్లో అచ్చయ్యే హెడ్‌నోట్ న్యాయమూర్తి రాసింది కాదు, సంపుటి సంపాదకులు రాసిన సారాంశం. దాన్ని తలుపు మీది బోర్డులా చూడండి, లోపలికి వెళ్లకుండా వెనుదిరగవద్దు. కృత్రిమ మేధ చెప్పిన తీర్పును మీ కళ్లతో అధికారిక పోర్టల్‌లో చూడనిదే పిటిషన్‌లో రాయకండి. 2023లో న్యూయార్క్ ఫెడరల్ కోర్టులో ఇద్దరు న్యాయవాదులు చాట్‌బాట్ సృష్టించిన, అసలు ఉనికిలోనే లేని తీర్పులను సమర్పించి, 5,000 డాలర్ల జరిమానాకు గురయ్యారు.

తీర్పులోని అసలు గింజను వేరు చేయండి

ఇది అన్నిటికంటే కష్టమైన మెట్టు, అన్నిటికంటే విలువైనది కూడా. తీర్పులో ఉన్న ప్రతి వాక్యమూ న్యాయసూత్రం కాదు. ఫలానా వాస్తవాలపై ఫలానా ప్రశ్నను తేల్చడానికి ఏ కారణం తప్పనిసరి అయిందో అదే రేషియో, అదే తరువాతి కేసులను కట్టిపడేస్తుంది. దారిలో న్యాయమూర్తి చెప్పిన ఇతర అభిప్రాయాలు ఓబిటర్. సుప్రీంకోర్టు చెప్పిన ఓబిటర్‌కు కింది కోర్టుల్లో ఎంతో గౌరవం ఉంటుంది, అయినా అది రేషియోతో సమానం కాదు. ఏ తీర్పైనా తాను నిజంగా తేల్చిన అంశానికే ప్రమాణం అవుతుందనీ, దాని నుంచి తర్కం లాగి తేల్చుకోగలిగిన ప్రతిదానికీ కాదనీ 1901లో ఇంగ్లండులో హాల్స్‌బరీ ప్రభువు చెప్పిన మాటను, మన సుప్రీంకోర్టు సుధాంశు శేఖర్ మిశ్రా కేసులో తనదిగా చేసుకుంది.

గింజను వేరు చేయడానికి నేను పాటించే పద్ధతి చెబుతాను. తీర్పును మొదటిసారి చదివేటప్పుడు పెన్సిల్ పట్టుకోను, కథ మాత్రమే చదువుతాను. రెండోసారి వాస్తవాల పక్కన, ప్రశ్నల పక్కన, ఇరుపక్షాల వాదనల పక్కన, కోర్టు కారణాల పక్కన, ఆఖరి ఉత్తర్వు పక్కన వేర్వేరు గుర్తులు పెడతాను. న్యాయవాది వాదనను న్యాయమూర్తి తీర్పులో తిరిగి రాసిన పేరాను, కోర్టు అభిప్రాయంగా పొరబడి ఉదహరించడం చాలా మామూలుగా జరిగే తప్పు. గుర్తులు పెడితే అది జరగదు. ఆ తరువాత ఒక వాస్తవాన్ని తీసేసి చూస్తాను. అది లేకపోయినా ఫలితం ఇలాగే ఉండేదా? ఉండేదనిపిస్తే అది కీలకం కాదు. ఉండేది కాదనిపిస్తే ఆ వాస్తవం మీ కేసులో కూడా ఉండితీరాలి.

ఇప్పుడు టమాటా రైతు దగ్గరకు వద్దాం. సరుకు రవాణా వాహనంలో ఉచితంగా ఎక్కిన ప్రయాణికుడి మరణానికి కూడా బీమా కంపెనీ బాధ్యత వహించాలని సత్పాల్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఇద్దరు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. 2002 డిసెంబరులో ఆశా రాణి కేసులో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ తీర్పు సరికాదని కొట్టివేసింది. బీమా కంపెనీ న్యాయవాది ఆశా రాణి తీర్పును తీసి, "సరుకు వాహనంలో మనిషి ప్రయాణిస్తే మాకు బాధ్యత లేదు" అంటే మీరు బెదరనవసరం లేదు. పేరాలు తెరిచి చూడండి. 1994లో మోటారు వాహనాల చట్టం 147వ సెక్షన్‌కు చేసిన సవరణ, వాహనంలో ఉన్న సరుకు యజమానిని గానీ అతని అధీకృత ప్రతినిధిని గానీ బీమా రక్షణలోకి తెచ్చింది. బయట ఉంచినది ఊరికే ఎక్కినవారిని. కాబట్టి మీ రైతు కేసు నిలిచేది, ఆ బుట్టలు అతనివేనని చూపే మార్కెట్ యార్డు రసీదు మీద, వాహనంలో సరుకు ఉందని రాసిన పంచనామా మీద. అదే వాహనంలో వెనక నిలబడి లిఫ్టు తీసుకున్న కూలీ కుటుంబానికి ఆశా రాణి తీర్పు నిజంగానే అడ్డుగోడ. వారి తరఫున వాదించేవారు 2004 నాటి బల్జీత్ కౌర్ తీర్పు చదవాలి. అక్కడ కోర్టు, కంపెనీ ముందు పరిహారం చెల్లించి, తరువాత వాహన యజమాని నుంచి రాబట్టుకోవాలని ఆదేశించింది. ఒకే వాహనం, ఒకే ప్రమాదం, రెండు శవాలు. ఒక కుటుంబాన్ని నిలబెట్టేది బుట్టల రసీదు, రెండో కుటుంబం చేతిలో అలాంటి కాగితమేదీ లేదు.

ఆ తీర్పు ఇంకా బతికే ఉందో లేదో చూడండి

దొరికిన తీర్పును తరువాతి ధర్మాసనాలు అనుసరించాయా, పక్కన పెట్టాయా, కొట్టివేశాయా అన్నది చూడనిదే పని పూర్తి కాదు. సరైన పూర్వ తీర్పును గానీ చట్ట నిబంధనను గానీ గమనించకుండా ఇచ్చిన తీర్పును పర్ ఇన్‌క్యూరియం అంటారు, దానికి కట్టుబడే బలం ఉండదు. అసలు వాదనకే రాని అంశంపై మౌనంగా సాగిపోయిన తీర్పు కూడా ఆ అంశానికి ప్రమాణం కాదని 1988లో గుర్నామ్ కౌర్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

2013 ఏప్రిల్‌లో జరిగింది చూడండి. ఏప్రిల్ 2న ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం రేష్మా కుమారి కేసులో, మోటారు ప్రమాద పరిహారం లెక్కగట్టడానికి 2009 నాటి సరళా వర్మ తీర్పు చెప్పిన పద్ధతిని సమర్థించింది. ఆ పద్ధతిలో సాధారణంగా స్వయం ఉపాధి వారి ఆదాయానికి భవిష్యత్తు పెరుగుదల కలపరు. సరిగ్గా పది రోజులకు, ఏప్రిల్ 12న, మరో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం రాజేష్ కేసులో, రేష్మా కుమారి తీర్పు ప్రస్తావన లేకుండానే, 40 ఏళ్ల లోపు స్వయం ఉపాధి వారికి 50 శాతం కలపాలని చెప్పింది. దేశంలోని ట్రైబ్యునళ్లు రెండుగా చీలిపోయాయి. 2017 అక్టోబరు 31న ప్రణయ్ సేఠీ కేసులో ఐదుగురి రాజ్యాంగ ధర్మాసనం, రాజేష్ తీర్పు ముందున్న సమాన ధర్మాసనపు మాటను గమనించలేదు కనుక అది కట్టుబడాల్సిన ప్రమాణం కాదని తేల్చి, 40 ఏళ్ల లోపు స్వయం ఉపాధి వారికి 40 శాతం, 40 నుంచి 50 మధ్య వారికి 25 శాతం, 50 నుంచి 60 మధ్య వారికి 10 శాతం కలపాలని నిర్ణయించింది.

ఈ శాతాలు ఒక ఇంటికి ఏం చేస్తాయో కాగితం మీద చూద్దాం. నెలకు 15,000 రూపాయలు సంపాదించే 34 ఏళ్ల తాపీ మేస్త్రి ప్రమాదంలో చనిపోయాడనుకోండి. భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి అతనిపై ఆధారపడ్డారు. ఏడాది ఆదాయం 1,80,000. ఆధారపడినవారు నలుగురు కాబట్టి అతని సొంత ఖర్చులకు నాలుగోవంతు తీసేయాలి, మిగిలిన ఏడాది మొత్తాన్ని ఎన్ని రెట్లు చేయాలో చెప్పే గుణకం ఆ వయసుకు 16. పెరుగుదల కలపని పద్ధతిలో కుటుంబానికి ఆదాయ నష్టం కింద వచ్చేది 21,60,000 రూపాయలు. రాజేష్ తీర్పు ప్రకారం 32,40,000. ప్రణయ్ సేఠీ ప్రకారం 30,24,000. ట్రైబ్యునల్ ముందు పాత తీర్పు పెట్టి ఊరుకున్న న్యాయవాది ఆ తల్లికి, ఆ పిల్లలకు 8,64,000 రూపాయలు పోగొట్టినట్టే. తీర్పు ఇంకా బతికుందో లేదో చూసుకోవడం ఎందుకంత ముఖ్యమంటే ఇందుకే.

సుప్రీంకోర్టు పేరు కనిపించగానే ప్రమాణమనుకోకూడని ఉత్తర్వులు కూడా ఉన్నాయి. సుప్రీంకోర్టులో అప్పీలుకు అనుమతి కోరే స్పెషల్ లీవ్ పిటిషన్‌ను కారణాలు చెప్పకుండా కొట్టివేస్తే, హైకోర్టు తీర్పును సుప్రీంకోర్టు సమర్థించినట్టు కాదని 2000లో కున్హయమ్మద్ కేసు చెప్పింది. 142వ అధికరణం కింద పూర్తి న్యాయం కోసం ఇచ్చే ఆదేశాలు ఆ కేసు వరకే పరిమితం.

మీకు ఎదురు తిరిగే తీర్పును దాచకండి

వెతుకులాటలో మీకు వ్యతిరేకమైన తీర్పు తప్పకుండా ఎదురవుతుంది. దాన్ని మీరే కోర్టుకు చూపండి. అవతలి పక్షం చూపించాక వివరణ ఇచ్చుకోవడం కంటే, ముందే చూపి తేడా చెప్పడం వల్ల మీ మాటకు విలువ పెరుగుతుంది. కోర్టు అధికారిగా న్యాయవాది బాధ్యత కూడా అదే. తేడా చూపడానికి ఒక కాగితాన్ని నిలువుగా రెండు భాగాలు చేసి, ఎడమవైపు ఆ తీర్పులోని కీలక వాస్తవాలు, కుడివైపు మీ కేసులోని వాస్తవాలు రాయండి. కుడివైపు రాసిన ప్రతి వాక్యం పక్కన అది ఏ ఎగ్జిబిట్‌తో (కోర్టు రికార్డులో చేరిన పత్రంతో), ఏ సాక్షి వాంగ్మూలంతో రుజువైందో వేయండి. రికార్డులో లేని తేడా తేడానే కాదు. పేర్లు, ఊర్లు, తేదీలు వేరన్నది కూడా తేడా కిందికి రాదు. తీర్పుకు ఆధారమైన కారణాన్ని తాకే తేడా ఒక్కటి చాలు.

కోర్టు ముందు ఉంచే తీరు

ఒక్కో ప్రశ్నకు ఒకటి రెండు తీర్పులు చాలు. పదిహేను తీర్పుల కట్ట ఇస్తే, ఏదీ గట్టిగా వర్తించదేమోనన్న అనుమానమే కలుగుతుంది. సైటేషన్ల మెమోలో ప్రశ్న, తీర్పు పేరు, తటస్థ సైటేషన్, న్యాయమూర్తుల సంఖ్య, మీరు ఆధారపడే పేరా నంబర్లు, ఆ పేరాలు మీ కేసుకు ఎలా వర్తిస్తాయో రెండు వాక్యాల్లో రాయండి. పూర్తి పాఠం నకలు ఒకటి కోర్టుకు, ఒకటి అవతలి న్యాయవాదికి ఇవ్వండి. లేచి నిలబడినప్పుడు మొదట వాస్తవాలు చెప్పండి, తరువాత అక్కడ తలెత్తిన ప్రశ్న, ఆపైన పేరా చదవండి. మొదట్లో చెప్పిన జడ్జిగారి ప్రశ్న అప్పుడు మీకు ఎదురుకాదు, దాని జవాబుతోనే మీరు మొదలుపెట్టారు.

తీర్పు వచ్చాక

మీ కేసు ముగిసిన తరువాత, దానికి ఆధారమైన తీర్పును పై ధర్మాసనం కొట్టివేస్తే పునఃసమీక్ష కోరవచ్చా అని చాలామంది అడుగుతారు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 47వ ఆర్డర్ 1వ రూల్ వివరణ ప్రకారం అది రివ్యూకు కారణం కాదు. అప్పీలు పెండింగులో ఉంటే మాత్రం, కొత్త తీర్పు భవిష్యత్తుకే వర్తిస్తుందని ఆ కోర్టే చెప్పనంత వరకు, దాని ప్రయోజనం మీకు అందుతుంది. తీర్పును భవిష్యత్తుకే పరిమితం చేసే ఆ పద్ధతిని మన దేశంలో మొదట వాడింది 1967లో గోలక్‌నాథ్ కేసులో, అప్పటికి భారత ప్రధాన న్యాయమూర్తి అయిన ఆ కోకా సుబ్బారావుగారే. కాబట్టి ట్రైబ్యునల్ పాత లెక్క వేసి తక్కువ ఇచ్చిందనిపిస్తే కాలయాపన చేయకండి. మోటారు ప్రమాద కేసుల్లో హైకోర్టుకు అప్పీలు గడువు 90 రోజులు. సర్టిఫైడ్ కాపీ కోసం దరఖాస్తును తీర్పు వెలువడిన రోజునే పెట్టండి, కాపీ తయారీకి పట్టిన రోజులు గడువులో లెక్కకు రావు.